ఖాళీ చేయమన్న కాగితం వచ్చిందా? కిరాయిదారు ఏ మాట ఎప్పుడు చెప్పాలంటే

నేను వకీలు గుమాస్తాను. హైదరాబాద్‌లో సివిల్ కేసులు చూసే ఒక సీనియర్ దగ్గర పని. వాదించేది సారు. వాయిదాలు రాసుకునేది, కాగితాలు ఫైల్ చేయించేది, చలానాలు కట్టేది నేను. కాబట్టి చట్టం నాకు తారీఖుల వైపు నుంచే తెలుసు. కిరాయి కేసుల్లో అటువైపు నుంచి చూడటమే మేలంటాను. కిరాయిదారుకు చట్టం ఇచ్చిన రక్షణలు చాలావరకు వాటంతట అవే పనిచేయవు మరి. ఫలానా రక్షణ నాకుందని మీరే చెప్పాలి, సరైన కోర్టులో చెప్పాలి, గడువు దాటకముందే చెప్పాలి. మీరు నోరు విప్పకపోతే జడ్జిగారు మీ తరఫున ఫైలంతా తిరగేసి వెతకరు.

ముందు మీరు ఏ చట్టం కిందికొస్తారో తేల్చుకోండి. తెలంగాణలో రెంట్ కంట్రోల్ యాక్ట్ అంటే 1960 నాటి భవనాల లీజు, అద్దె, ఖాళీ చేయింపు నియంత్రణ చట్టం. హైదరాబాద్, సికింద్రాబాద్‌లకూ మున్సిపాలిటీలకూ వర్తిస్తుంది. అయితే అన్ని ఇళ్లకూ కాదు. 32వ సెక్షన్ కొన్నింటిని బయట పెట్టింది. ప్రభుత్వ భవనాలు బయట. కట్టి గానీ, పెద్ద ఎత్తున మరమ్మతు చేసి గానీ 15 ఏళ్లు నిండనివి బయట. 2005 సవరణ అమల్లోకి వచ్చిన నాటికి కార్పొరేషన్ పరిధిలో నెలకు 3,500 రూపాయలు, మిగతా చోట్ల 2,000 రూపాయలు దాటిన కిరాయి ఉన్నవీ బయటే. ఈ రోజుల్లో అపార్ట్‌మెంట్ ఫ్లాట్లో ఉన్న మామూలు కిరాయిదారు దాదాపుగా రెంట్ కంట్రోల్ బయటే ఉంటాడు. లోపల మిగిలిందల్లా పాత బస్తీ మడిగెలు, పాత మార్కెట్లలో తాతల నాటి దుకాణాలు, ఎప్పుడో చేరిన కొన్ని పాత పోర్షన్లు.

లోపల ఉంటే మీ బలం వేరు. ఓనరు 10వ సెక్షన్‌లో రాసిన కారణాల్లో ఏదో ఒకటి చూపించి, రుజువు చేయాలి. కావాలని కిరాయి ఎగ్గొట్టడం, అనుమతి లేకుండా వేరేవాళ్లకు ఇవ్వడం, భవనాన్ని పాడుచేయడం, తన సొంత అవసరం, ఇలా. "నా ఇల్లు, నా ఇష్టం" అంటే అక్కడ చెల్లదు. బయట ఉంటే 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం వర్తిస్తుంది. అక్కడ మీకు ముఖ్యంగా మిగిలేవి 106వ సెక్షన్ కింద నెలవారీ కిరాయికి 15 రోజుల నోటీసు, రిజిస్టరైన లీజు ఉంటే దాని గడువు. "ఇరవై ఏళ్లుగా ఉంటున్నాం, హక్కు వచ్చేసింది" అని మా ఆఫీసుకొచ్చి చెప్పేవాళ్లు బోలెడు మంది. ఎన్నేళ్లున్నా కిరాయిదారు కిరాయిదారే.

ఆంధ్రప్రదేశ్ వాళ్లకు ఒక మాట. అక్కడ 2017 నాటి వేరే టెనెన్సీ చట్టం ఉంది, సెక్షన్లు దాన్నిబట్టి చూసుకోవాలి. సివిల్ ప్రొసీజర్ గురించీ సుప్రీంకోర్టు తీర్పుల గురించీ కింద చెప్పేది మాత్రం రెండు రాష్ట్రాలకూ ఒకటే.

లాయర్ నోటీసు వచ్చిన దగ్గర్నుంచే లెక్క మొదలవుతుంది. జవాబు ఇచ్చి తీరాలని చట్టం ఏమీ అనదు. అయినా ఇవ్వండి. నోటీసులో నెలకు 9,000 కిరాయి అని రాసి ఉండి, మీరు కట్టేది 2,800 అయితే, ఆ సంగతి మొదటిసారి కాగితం మీదికి ఎక్కాల్సింది జవాబులోనే. రేపు సాక్ష్యం చెప్పేటప్పుడు "ఇది నిజమైతే నోటీసుకే ఎందుకు చెప్పలేదు?" అని అవతలి వకీలు తప్పకుండా అడుగుతాడు. జవాబులో ఒక్క మాట మాత్రం రాయొద్దు: "అసలు నువ్వు ఓనరువే కాదు." కోపంలో రాసే ఈ వాక్యం రెంట్ కంట్రోల్ కింద మిమ్మల్ని ఖాళీ చేయించడానికి ఇంకో కారణం అవుతుంది. సద్బుద్ధితో కాకుండా యాజమాన్యాన్ని కాదనడమే 10(2)(vi). ఓనరు చనిపోయి కొడుకుల మధ్య గొడవ ఉంటే "కిరాయి ఎవరికి కట్టాలో కాగితం చూపించండి, కట్టడానికి సిద్ధం" అని రాయండి. కాదనడం వేరు, అడగడం వేరు.

నోటీసులోని లోపాల గురించి జనానికి ఉన్న నమ్మకం నాకు ఎప్పుడూ ఆశ్చర్యమే. 15 రోజులకు బదులు 12 రోజులే ఇచ్చారు కాబట్టి కేసు కొట్టేస్తారని సంబరపడతారు. 2002 చివర్లో 106వ సెక్షన్‌ను మార్చారు. నోటీసులో రోజులు తగ్గినా, అసలు గడువు నిండాక దావా వేసి ఉంటే ఆ తగ్గుదల వల్ల నోటీసు చెల్లకుండా పోదు. ఇక నోటీసు అసలు అందకపోయినా, ఇంకేదైనా గట్టి లోపం ఉన్నా, దాన్ని రాతపూర్వక జవాబులో, అంటే రిటన్ స్టేట్‌మెంట్‌లోనే, స్పష్టంగా చెప్పాలి. అప్పుడు చెప్పకపోతే వదులుకున్నట్టే లెక్క అని పార్వతీబాయి కేసులో 2003లో సుప్రీంకోర్టు తేల్చింది. అప్పీల్లో కొత్త వకీలు వచ్చి కనిపెట్టినా లాభం ఉండదు.

ఇప్పుడు అసలైన గడియారం సంగతికొద్దాం. కోర్టు నుంచి వచ్చిన కాగితం మీద నంబరు చూడండి. ఓ.ఎస్. అని ఉంటే సివిల్ దావా. ఆర్.సి. అని ఉంటే రెంట్ కంట్రోలర్, అంటే రెంట్ కంట్రోల్ చట్టం కింది కేసులు విచారించే అధికారి, ముందు కేసు. హైదరాబాద్‌లో రెంట్ కంట్రోలర్లు సిటీ స్మాల్ కాజెస్ కోర్టులోనే కూర్చుంటారు. సివిల్ దావాలో సమన్లు అందిన 30 రోజుల్లో రిటన్ స్టేట్‌మెంట్ వేయాలి, కారణం చూపిస్తే 90 రోజుల దాకా పొడిగించొచ్చు. ఆ 30 రోజులూ లెక్కపెట్టేది మీరు వకీలును కలిసిన రోజు నుంచి కాదు, ఆయన మీ తరఫున వాదించడానికి వకాలత్ కాగితం వేసిన రోజు నుంచీ కాదు. సమన్లు చేతికందిన రోజు నుంచి. కాబట్టి నేను ఎవరికైనా మొదట చెప్పేది ఒకటే: కవరు చించకముందే దాని మీద పెన్నుతో తారీఖు రాయండి, కవరు పారేయకండి. తీసుకోనని పోస్ట్‌మ్యాన్‌ను వెనక్కి పంపితే గడియారం ఆగదు. తిరస్కరించిన సమన్లు అందినట్టే లెక్క.

90 దాటినా మామూలు దావాల్లో కోర్టు దయ చూపించొచ్చు. ఆ గడువు మరీ ఉక్కు గీత కాదని సుప్రీంకోర్టే 2005లో చెప్పింది. కానీ దుకాణం వాళ్లు జాగ్రత్త. పూర్తిగా వ్యాపారానికే వాడే ఆస్తి ఒప్పందం మీద వివాదం, విలువ మూడు లక్షలకు తగ్గకుండా ఉంటే, కమర్షియల్ దావా కావచ్చు. అక్కడ 120 రోజులు దాటాక రిటన్ స్టేట్‌మెంట్ తీసుకునే అధికారం కోర్టుకే లేదు, 2019లో ఇదీ తేలిపోయింది. 121వ రోజున మీ దగ్గర ఎంత మంచి రసీదు ఉన్నా, దాన్ని నిలబెట్టే మాట రికార్డులో ఉండదు.

రిటన్ స్టేట్‌మెంట్‌లో ఏముండాలి? ఒక ఉదాహరణతో చెబితే తొందరగా అర్థమవుతుంది. పాత మార్కెట్లో ఒక చిన్న టైలరింగ్ మడిగె. ఓనరు కొడుకు సివిల్ కోర్టులో దావా వేశాడు, కిరాయి నెలకు 9,000 అన్నాడు. టైలరు ప్లాస్టిక్ కవర్లో కాగితాలు తెచ్చి నా బల్ల మీద బోర్లించాడు. అందులో ఒక పొడవాటి చిట్టీ పుస్తకం. పేజీకో నెల, ప్రతి పేజీలో రెవెన్యూ స్టాంపు మీద పెద్దాయన అడ్డంగా చేసిన సంతకం. 2004 నాటి పేజీల్లో 2,200 అని అంకెల్లోనూ అక్షరాల్లోనూ ఉంది. దాని కింద పాత కరెంటు బిల్లులు. సర్వీసు కనెక్షన్ ఇచ్చిన సంవత్సరం చూస్తే భవనం 15 ఏళ్లు ఎప్పుడో దాటిందని తెలుస్తోంది. ఆయన మాత్రం ఈ పుస్తకాన్ని పక్కకు తోసి "నోటీసులో నా ఇంటిపేరు తప్పు రాశారన్నా, కొట్టేస్తారు కదా?" అని అడుగుతున్నాడు. కేసు నిలబెట్టేది ఇంటిపేరు కాదు, ఆ పుస్తకం.

సారు అప్పుడు రాయించిన పేరాలు ఇలా ఉంటాయి. కిరాయి 9,000 అన్నది అబద్ధం. 2005 సవరణ నాటికి కిరాయి 2,200, ఇప్పుడు 2,800. భవనం ఫలానా కాలానికి ముందుది. కాబట్టి ఇది రెంట్ కంట్రోల్ చట్టం కిందికి వస్తుంది, 32వ సెక్షన్ మినహాయింపు వర్తించదు, ఖాళీ చేయించే అధికారం రెంట్ కంట్రోలర్‌దే, ఈ కోర్టుది కాదు. తర్వాత రసీదుల జాబితా. చూశారా, ఉత్త "దావాలోని 4వ పేరా నిజం కాదు" అని వదిలేయలేదు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 8వ ఆర్డరు ప్రకారం దావా చెల్లదనిపించే ప్రతి సంగతినీ ప్రతివాది ప్రత్యేకంగా చెప్పాలి. ఓనరు చెప్పిన సంగతిని సూటిగా కాదనకపోతే ఒప్పుకున్నట్టు తీసుకోవచ్చు. కిరాయి 9,000 అన్న మాటను మీరు ముట్టుకోకుండా వదిలేస్తే, రెంట్ కంట్రోల్ నుంచి మీరే బయటికి నడిచినట్టు.

"కోర్టుకు అధికారమే లేదన్న మాట ఎప్పుడైనా చెప్పొచ్చు కదా, డిక్రీ చెల్లనే చెల్లదు కదా" అని కాస్త చదువుకున్న కిరాయిదారులు అడుగుతారు. సగం నిజం. ఆ మిగతా సగమే ముంచుతుంది. 1990లో రిపోర్టయిన సుశీల్ కుమార్ మెహతా కేసులో హర్యానా రెంట్ చట్టం కింద ఉన్న కిరాయిదారు మీద సివిల్ కోర్టు ఎక్స్‌పార్టీ డిక్రీ, అంటే ప్రతివాది హాజరు కాకుండానే ఏకపక్షంగా ఇచ్చే డిక్రీ, ఇస్తే, అది చెల్లదని అమలు దశలో కూడా సుప్రీంకోర్టు ఒప్పుకుంది. కానీ అంతకుముందు 1970లో, వాసుదేవ్ ధన్‌జీభాయ్ మోదీ కేసులో, అధికారం లేదన్న సంగతి రికార్డు పైనే కనిపించకుండా కొత్తగా వాస్తవాలు విచారించి తేల్చాల్సి వస్తే, అమలు చేసే కోర్టు ఆ విచారణలోకి దిగదని అంది. అదీ బొంబాయి రెంట్ చట్టం గొడవే. రెండింటినీ పక్కపక్కన పెట్టి చూడండి. మీ రక్షణ "కిరాయి ఎంత", "భవనం వయసెంత" లాంటి వాస్తవం మీద ఆధారపడి ఉంటే, డిక్రీ అమలు చేయడానికి కోర్టు పంపే అమీనా తాళం పగలగొట్టడానికి వచ్చిన రోజున అది చెప్పడానికి చోటు ఉండదు. మన దగ్గర 32వ సెక్షన్ అంతా ఇలాంటి వాస్తవాల మీదే నడుస్తుంది. అందుకే మొదటి జవాబులోనే పెట్టమని ఇంతగా పోరుతున్నాను.

తర్వాత సవరించుకుందాం అంటారా? విచారణ మొదలయ్యాక రిటన్ స్టేట్‌మెంట్ సవరించాలంటే, తగిన శ్రద్ధ పెట్టినా ముందు చెప్పలేకపోయానని చూపించాలి. రసీదు పుస్తకం మీ బీరువాలోనే ఉండగా ఆ మాట ఎవరు నమ్ముతారు?

ఇంకో చిన్న సంగతి. ఒప్పందంలో ఆర్బిట్రేషన్ షరతు, అంటే గొడవను కోర్టు బయట మధ్యవర్తి తీర్పుకు వదలాలన్న షరతు, ఉంటే, దాన్ని వాడుకోవాలనుకుంటే, జవాబు వేయకముందే లేదా దాంతోపాటే పిటిషన్ పడాలి. రెంట్ కంట్రోల్ కిందికొచ్చే కేసులు ఆర్బిట్రేషన్‌కు వెళ్లవు. ఆస్తి బదిలీ చట్టం కిందివి వెళ్లొచ్చని విద్యా ద్రోలియా కేసులో 2020 డిసెంబరులో సుప్రీంకోర్టు చెప్పింది.

ఇక రెంట్ కంట్రోలర్ ముందు కేసు అయితే మాటల కంటే ముందు డబ్బు నిలబడాలి. బాకీ ఉన్న కిరాయి కట్టకుండా, కేసు నడిచినన్నాళ్లూ నెలనెలా కడుతూ ఉండకుండా, కేసును ఎదుర్కొనే అర్హత కిరాయిదారుకు లేదని 11వ సెక్షన్ అంటుంది. కారణం చూపించకుండా ఎగ్గొడితే విచారణ అక్కడే ఆపి ఖాళీ చేయమని ఉత్తర్వు ఇవ్వొచ్చు. ఎంత బాకీ అన్నదానిలో గొడవ ఉంటే ఆ గొడవ కూడా కంట్రోలర్ ముందు పెట్టి తేల్చమని అడగాలి గానీ, మొత్తానికే కట్టకుండా కూర్చోకూడదు. చలానా కట్టిన ప్రతిసారీ, కట్టామని కోర్టుకు తెలిపే మెమో వేయించి ఒక కాపీ దగ్గర పెట్టుకోండి.

"ఓనరే కిరాయి తీసుకోవడం లేదు" అన్నది కిరాయిదారుల నోట నేను ఎక్కువగా వినే మాట. నిజమే కావచ్చు, ఓనర్లు అది కావాలనే చేస్తారు, తర్వాత ఎగ్గొట్టాడని కేసు వేయడానికి. దానికి 8వ సెక్షన్ ఒక వరస చెప్పింది. ముందు, కిరాయి ఏ బ్యాంకులో వేయాలో 10 రోజుల్లో చెప్పమని ఓనరుకు రాతపూర్వక నోటీసు. చెప్పకపోతే మనియార్డరు. దాన్నీ తిప్పికొడితే రెంట్ కంట్రోలర్ దగ్గర డిపాజిట్. ఈ వరస కేసు పడకముందే, కిరాయి తిరస్కరించిన మొదటి నెలలోనే మొదలుపెట్టాలి. నోట్లు కట్టగట్టి ఇంట్లో దాచి "ఇదిగో డబ్బు సిద్ధంగానే ఉంది" అని ఏడాది తర్వాత కోర్టులో చూపిస్తే, అది ఇవ్వజూపినట్టు ఎలా అవుతుంది?

బాకీ నిజంగానే ఉందా? అప్పుడూ రక్షణ ఉంది, దాన్నీ అడగాలి. ఎగవేత కావాలని చేసింది కాదని కంట్రోలర్‌కు నమ్మకం కలిగితే, 15 రోజులకు మించకుండా గడువిచ్చి, ఆ లోపల కట్టేస్తే పిటిషన్ కొట్టేయొచ్చు. కాబట్టి కౌంటర్‌లో, అంటే కంట్రోలర్ ముందు మీరు వేసే రాతపూర్వక జవాబులో, ఉత్తగా "కడతాను" అని కాకుండా ఎందుకు కట్టలేకపోయారో రాయండి. ఆస్పత్రి కాగితాలుంటే జతచేయండి. సివిల్ దావాలో దీనికి దగ్గరి చుట్టం ఆస్తి బదిలీ చట్టం 114వ సెక్షన్. కిరాయి కట్టలేదన్న కారణంతో లీజు రద్దు చేసి దావా వేస్తే, విచారణ సమయంలో బాకీ, వడ్డీ, ఖర్చులు మొత్తం చెల్లిస్తే కోర్టు లీజును నిలబెట్టొచ్చు. మామూలు 15 రోజుల నోటీసుతో ముగించిన నెలవారీ కిరాయికి మాత్రం ఇది అక్కరకు రాదు.

సొంత అవసరం అని వేసిన కేసుల్లో కౌంటర్ దగ్గరే చెప్పాల్సిన మాటలు ఇంకొన్ని ఉన్నాయి. కాలపరిమితి పెట్టుకున్న కిరాయి అయితే, అది ముగియకముందు సొంత అవసరం పేరుతో కేసు వేయడానికి లేదు. అదే భవనంలో ఒక భాగంలో ఓనరు ఉంటూ, అదనంగా చోటు కావాలని అడిగితే, ఆయన లాభం కంటే మీ కష్టం ఎక్కువని చూపించి కొట్టేయమనొచ్చు. కష్టం అంటే కన్నీళ్లు కాదు. పిల్లల బడి ఎంత దూరం, ఖాతాదారులు ఎన్నేళ్ల వాళ్లు, చుట్టుపక్కల కిరాయిలు ఎంతున్నాయి, వేరేచోట వెతికారా లేదా, ఇవన్నీ రాయాలి. ఖాళీ చేశాక అడగాల్సిన రక్షణ కూడా ఒకటుంది, దాని సంగతి చాలామందికి తెలియనే తెలియదు. సొంత అవసరమని స్వాధీనం తీసుకున్న ఓనరు నెలలోపల అందులోకి రాకపోయినా, వచ్చి సరైన కారణం లేకుండా ఆరు నెలల్లోపే వదిలేసినా, మళ్లీ నాకు ఇప్పించండని కంట్రోలర్‌కు పెట్టుకోవచ్చు. కొత్త బోర్డు పడిన రోజే ఫోటో తీసి పెట్టుకోండి.

రాజీల విషయంలో నా సొంత అభిప్రాయం చెబుతాను. లోక్ అదాలత్‌లోనో కోర్టు వరండాలోనో "ఆరు నెలలు టైం ఇస్తాం, సంతకం పెట్టు" అంటే అలిసిపోయిన మనిషి పెట్టేస్తాడు. రెంట్ కంట్రోల్ కేసులో చట్టం చెప్పిన కారణం ఏదీ రికార్డులో లేకుండా రాజీ మీద ఖాళీ చేయించలేరని కె.కె. చారి కేసులో 1973లోనే సుప్రీంకోర్టు వివరించింది. కానీ "కారణం ఉంది, ఒప్పుకుంటున్నాను" అన్న వాక్యం రాజీ కాగితంలోనే ఉంటే కోర్టు ఆ ఒప్పుకోలును ఆధారంగా తీసుకుంటుంది. ఆ వాక్యం ఉందో లేదో మీకు మీరే చదువుకోండి. చదవడం రాకపోతే ఇంకొకరితో చదివించుకోండి, అవతలి గుమాస్తాతో మాత్రం వద్దు.

ఎక్స్‌పార్టీ డిక్రీ పడిపోయిందా? సివిల్ దావాలో డిక్రీ తారీఖు నుంచి 30 రోజుల్లో, సమన్లు సరిగా అందకపోతే సంగతి తెలిసిన రోజు నుంచి 30 రోజుల్లో, కొట్టేయమని పిటిషన్ వేయాలి. ఆలస్యమైతే ప్రతి రోజుకూ లెక్క చెబుతూ ఆలస్యం మాఫీ పిటిషన్ జతచేయాలి. పిటిషన్‌తో పాటే రిటన్ స్టేట్‌మెంట్ కూడా సిద్ధం చేసి పెట్టుకోండి. తలుపు తెరిచారు కదా అని మళ్లీ వాయిదాలు అడిగితే జడ్జిగారికి చిర్రెత్తుతుంది.

కోర్టుకే వెళ్లకుండా మనుషుల్ని పెట్టి సామాను బయట పడేసిన ఓనరు మీద దారి వేరు. చట్టప్రకారం కాకుండా స్వాధీనం లాక్కుంటే, యాజమాన్యం ఎవరిదన్న గొడవతో పనిలేకుండా, స్పెసిఫిక్ రిలీఫ్ యాక్ట్ 6వ సెక్షన్ కింద ఆరు నెలల్లోపల దావా వేయొచ్చు. ఆరు నెలలు దాటితే ఈ తేలిక దారి మూసుకుపోతుంది. పోలీస్ స్టేషన్ చుట్టూ తిరగడంలోనే చాలామందికి ఆ ఆరు నెలలూ గడిచిపోతాయి.

ఉత్తర్వు మీకు వ్యతిరేకంగా వస్తే రెంట్ కంట్రోల్‌లో అప్పీలుకు 30 రోజులు. హైదరాబాద్‌లో అది స్మాల్ కాజెస్ చీఫ్ జడ్జి ముందుకు వెళ్తుంది, ఆపైన హైకోర్టులో రివిజన్. సర్టిఫైడ్ కాపీకి పట్టే రోజులు ఈ లెక్కలో తీసేస్తారు, కానీ కాపీకి దరఖాస్తు పెట్టిన రోజు నుంచి మాత్రమే. తీర్పు వచ్చిన సాయంత్రమే కాపీ అప్లికేషన్ పడాలి, స్టే పిటిషన్ అప్పీలుతో పాటే వెళ్లాలి. వకీలు ఫీజుకు డబ్బు లేక ఆగిపోవద్దు. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు, వికలాంగులకు, తక్కువ ఆదాయం ఉన్నవాళ్లకు న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. ప్రతి జిల్లా కోర్టు ఆవరణలో దాని ఆఫీసు ఉంటుంది, ఫోను చేయాలంటే 15100. వెళ్లేటప్పుడు సమన్ల కవరు, రసీదులు, ఒప్పందం, చివరి మూడేళ్ల కరెంటు బిల్లులు తీసుకెళ్లండి, ఒరిజినల్స్ మాత్రం ఎవరి చేతికీ ఇవ్వకండి.